తినబోయే ముందు దీవించిన పిల్లి

ఆ రోజుల్లో టీవీలో పిల్లల బొమ్మల సినిమా వచ్చిందంటే, అందులో కిచకిచలాడే ప్రతి కుందేలుపిల్ల వెనకా, గోడలు దూకే ప్రతి అల్లరి కుర్రాడి వెనకా ఎవరో ఒక సంసారపక్షపు ఆడమనిషి ఉండేది. ఈ సంగతి చూసే పిల్లలకి తెలియదు, వాళ్ళ తల్లులకి పట్టదు. నిజంగా మగపిల్లాణ్ణే తెచ్చి మైకు ముందు నిలబెడితే కథ సగంలో ఉండగానే వాడి గొంతు బొంగురుపోతుంది. మా గొంతులకి ఆ భయం లేదు, పెళ్ళిళ్ళయినా పురుళ్ళయినా అలాగే కీచుమంటూ ఉంటాయి. నేను ఉడుతని. సింగపూరులో కూర్చుని తెలుగు మాట్లాడిన ఉడుతని. ఈ మాట కొత్తవాళ్ళతో అంటే ముందు నవ్వుతారు, ఆ వెంటనే "ఏదీ, ఒక్కసారి మాట్లాడండి!" అంటారు. పెళ్ళి భోజనాల దగ్గర ఏ డాక్టరునీ "ఏదీ, ఒక్క సూది పొడవండి" అని అడగరు కదా, మమ్మల్ని మాత్రం అడుగుతారు. (నేను మాట్లాడేస్తాను లెండి. అడగడమే ఆలస్యం.)

మొదలుపెట్టింది హైదరాబాదులో. రేడియోలో పిల్లల కార్యక్రమానికి పాట పాడడానికి వెళ్ళి, అక్కణ్ణించి ఒక డబ్బింగు థియేటరులోకి జారిపడి, చాలాకాలం గుంపులో అరుపులు అరిచాను. సంతలో జనం, వరదలో జనం, పెళ్ళిలో జనం, అన్నిట్లోనూ నేనున్నాను. చివరికి ఒక కోడిపిల్ల వేషం పూర్తిగా దొరికింది. ఇక నాకు తిరుగులేదనుకుంటుండగా పెళ్ళి కుదిరింది. పెళ్ళికొడుకు సింగపూరులో, రాఫెల్స్ ప్లేసులో ఒక బ్యాంకు కంప్యూటర్ల దగ్గర పని. పెళ్ళిచూపుల్లో ఆయన నెమ్మదిగా "అక్కడ మీకు ఈ పని దొరక్కపోతే ఎలా?" అని అడిగితే, "కోడిపిల్లలు అన్ని దేశాల్లోనూ ఉంటాయి కదండీ" అన్నాను. ఆ ధీమా తలుచుకుంటే ఇప్పటికీ నాకే ఆశ్చర్యం. వచ్చాక తెలిసింది, సింగపూరు కోడిపిల్లలు ఇంగ్లీషులోనూ చైనా భాషలోనూ తప్ప కూయవని.

కొత్తలో అందరిలాగే మేమూ ఒక ఫ్లాటులో ఒక గది అద్దెకి తీసుకున్నాం, బెడోక్‌లో. ఆ ఫ్లాటు ఒక మామ్మగారిది. ఆవిడ తాతగారు శ్రీకాకుళం వైపు నుంచి ఎప్పుడో ఓడెక్కి మలయా రబ్బరు తోటలకి వచ్చారట. ఆవిడ పుట్టింది ఇక్కడే, పెరిగింది ఇక్కడే, ఆంధ్రదేశం మొహం ఎరగదు. అయినా తాత తెచ్చిన తెలుగుని జాడీలో ఊరగాయలా మూత బిగించి దాచుకుంది. కాకపోతే అందులో మధ్యమధ్య తమిళం ముక్కలూ, మలయ్ భాష ముక్కలూ తగులుతుండేవి. "మకానయిందేటే గుంటా?" అని అడిగితే భోజనం చేశావా అని అర్థం. "ఇంకా లేదండీ" అంటే చాలు, అక్కణ్ణించి తిట్లు మొదలు. చారు కింద గ్యాసు ఆపలేదని, తడిబట్టలు పిండకుండా కిటికీ బయట వెదురుకర్రకి ఆరేస్తే కింది అంతస్తు వాళ్ళ దుప్పటి మీద కారిందని, బియ్యం డబ్బా మూత పెట్టలేదని. ఇవన్నీ నిజంగా నేను చేసిన పనులే, అబద్ధమాడను. ఆవిడ కోపానికి గోడలు అడ్డం కాదు. మా అంతస్తులో మొదలైన తిట్టు కింద కాఫీ తాగుతున్న ముసలివాళ్ళకి స్పష్టంగా వినిపించేది, ఒక్క ముక్క అర్థం కాకపోయినా వాళ్ళు తలెత్తి మా కిటికీ వైపు జాలిగా చూసేవారు. మావారు మాత్రం "ఆవిడ మంచిదే, నువ్వు గ్యాసు కట్టెయ్ చాలు" అని ఆఫీసుకి పారిపోయేవారు.

అలా ఉండగా దేవుడు చల్లగా చూశాడు. పాయాలేబార్ దగ్గర ఒక ఫ్యాక్టరీ బిల్డింగులో, కింద బిస్కెట్ల గోదాము, పైన రికార్డింగు స్టూడియో. పిల్లల ఛానెల్ ఒకటి నేను పుట్టకముందెప్పుడో తీసిన పాత బొమ్మల సినిమాలని కొని, ఆసియాలో ఉన్న భాషలన్నిట్లోకీ అక్కడ మాట్లాడిస్తోందని తెలిసింది. తెలుగు కూడా చేసి చూద్దామనుకుంటున్నారు. వెళ్ళి నిలబడ్డాను. ఉడుత వేషం నాది, ఇంగ్లీషు మాటల్ని తెలుగులోకి మార్చి బొమ్మ పెదవులకి అతికించడం కూడా నాదే. (అది చూసినంత తేలిక కాదు. తెలుగు మాట చివర నోరు తెరుచుకునే ఉంటుంది, ఆ బొమ్మేమో ముందే మూసేసుకుంటుంది.) ఉడుతకి చిటికెడు అని పేరు పెట్టాను. దాన్ని తినాలని చూసే గండుపిల్లికి గొంతు ఇవ్వడానికి తెలుగు సంఘంలో ఒక పెద్దావిడ దొరికింది కనుక, పిల్లిని ఆడది చేసి మీసాలమ్మ అన్నాను. షరతు ఒకటే. మొదటి విడత ఎపిసోడ్లు ఛానెల్ వాళ్ళకి నచ్చితే సిరీస్ అంతా ఇక్కడే మాతోనే చేయిస్తారు. నచ్చకపోతే తెలుగు పని మొత్తం చెన్నైకి పోతుంది, నేను తిరిగి మామ్మగారి వంటింట్లో గ్యాసు పొయ్యి ముందుకి పోతాను. ఆ రోజుల్లో నాకు ఇంతకంటే పెద్ద ఆపద ఈ భూమ్మీద ఉంటుందని తోచేది కాదు.

సగం పని అయ్యేసరికి పిల్లిగారు కూతురి పురుడికని గుంటూరు వెళ్ళిపోయారు. "మనవడు ముందా, పిల్లి ముందా, నువ్వే చెప్పమ్మా" అంటే ఏమంటాం. మా డైరెక్టరు చైనీసు ఆవిడ, ఒక్క తెలుగు ముక్క రాదు. బొమ్మ పెదవులకీ మాటకీ పొంతన కుదిరిందా లేదా అని మాత్రమే చూసేది. ప్రతిదానికీ "వన్స్ మోర్, కెన్?" అనేది కనుక నేను ఆవిడకి వన్స్‌మోర్ ఆంటీ అని పేరు పెట్టుకున్నాను. ఆవిడ చేతులు తిప్పేసి "నో క్యాట్, నో షో లా" అంది. తెలుగు సంఘం ఆంటీలందరినీ అడిగి చూశాను. ఒకరు మరీ మర్యాదగా తిట్టారు, ఇంకొకరు తిడుతూ మధ్యలో నవ్వేశారు, మరొకరు "మా కోడలు వింటే తననే తిడుతున్నానంటుంది, నా వల్ల కాదమ్మా" అని దణ్ణం పెట్టారు. ఏం చేయాలో తోచక, పొయ్యి మీద పాలు పెట్టి దిగాలుగా కూర్చున్నాను. వెనక నుంచి పిడుగు పడింది.

"ఒలే! పాలు పొంగి పొయ్యారిపోయి గ్యాసు కంపు కొడతంటే ముక్కేటి అద్దెకిచ్చీసినావేటే? కొంప కాల్సీడానికొచ్చినావేటే నువ్వు?"

వెతకబోయిన తీగ కాలికి తగలడమంటే ఇదే. నేను పొయ్యి కట్టేయడం కూడా మరిచిపోయి ఆవిడ మొహంలోకి చూస్తూ నిలబడ్డాను. (ఆవిడే కట్టేసింది.) విషయం చెప్పాను. పిల్లి, ఉడుత, మైకు, అన్నీ. ఆవిడ పమిటతో చెయ్యి తుడుచుకుంటూ అంతా విని, ఒకే ఒక్క ప్రశ్న వేసింది. "ఎవుల్ని తిట్టాల?"

"ఉడుతని, మామ్మగారూ."

"ఎవుర్తే ఆ ఉడత?"

"నేనే."

నన్ను పైనుంచి కిందికోసారి, కిందినుంచి పైకోసారి చూసింది. "ఎప్పుడెల్లాల?" అంది.

మొదటి రోజే చిక్కు వచ్చి పడింది. మా పద్ధతి ఏమిటంటే, ఎవరి మాట వాళ్ళే ఒంటరిగా చెబుతాం. చెవులకి హెడ్‌ఫోన్లు, ఎదురుగా తెర మీద బొమ్మ, అంతే. మామ్మగారు తెర ముందు నిలబడి, బొమ్మ ఉడుతని చూసి, మహా మెత్తగా "ఏటమ్మా, ఎక్కడికెల్తన్నావు?" అంది. పిల్లి గోళ్ళు చాచి దూకుతోంది, గొంతేమో పక్కింటి పేరంటానికి పిలుస్తున్నట్టుంది. ఎంతసేపు చేసినా అంతే. "కోపంగా చెప్పండి మామ్మగారూ" అని నేను అద్దం వెనక నుంచి బతిమాలితే, "కోపమెలాగొస్తాదే? ఆ బొమ్మ నన్నేటి సేసింది? ముద్దుగా ఉంది పాపం" అంది. వన్స్‌మోర్ ఆంటీ గడియారం చూడడం మొదలుపెట్టింది. ఏదైతే అదే అయిందని తలుపు తోసుకుని లోపలికి వెళ్ళి, మైకుకి అవతల, ఆవిడకి ఎదురుగా నిలబడ్డాను. నా మొహం కనబడిందో లేదో, ఆవిడ కళ్ళు చిట్లాయి, బొమముడి పడింది. "ఎక్కడికే పారిపోతావు! నీ తోక పీకి నీకే తోరణం కట్టకపోతే నా పేరు మీసాలమ్మే కాదు!" అని ఒక్క అరుపు అరిచింది. ఆ చివరి ముక్కలు నేను రాయలేదు, ఆవిడ సొంతం. పెదవులకి అతికినట్టు సరిపోయాయి. వన్స్‌మోర్ ఆంటీ తన జీవితంలో మొదటిసారి వన్స్ మోర్ అనకుండా, "వా! సో ఫియర్స్!" అంది.

తిరిగే కాలూ తిట్టే నోరూ ఊరుకోవంటారు. ఆ రెండూ ఉన్న మనిషి మా మామ్మగారు. పొద్దున్నే పసర్‌కి, అంటే బజారుకి వెళ్ళి చేపలవాడితో పోట్లాడి, ఆ వేడి మీదే నాతో బస్సెక్కి స్టూడియోకి వచ్చేది. మాట గుర్తు లేకపోతే నా మొహం చూసేది, మాట వచ్చేసేది. నేనైతే ఇదంతా నా నటన మహిమ అనుకున్నాను. ఎదుట ఉన్న కళాకారిణి అంత బాగా చేస్తుంటే ఎవరికైనా ఊపు వస్తుంది కదా అని, రాత్రి మావారితో గొప్పగా చెప్పుకున్నాను కూడా. ఆయన ఏదో అనబోయి, చపాతీ నోట్లో పెట్టుకున్నారు.

ఆ మొదటి విడత ఆఖరి ఎపిసోడ్లో ఒక ఘట్టం ఉంది. చిటికెడు పారిపోయి వంటింట్లో మిరియాల బస్తాలో దాక్కుంటాడు. మీసాలమ్మ చప్పుడు కాకుండా వాసన చూసుకుంటూ వస్తుంది. ఇక పోతుందిలే అనుకునేంతలో మిరియాల ఘాటుకి ఉడుత "హాఛ్" మని తుమ్ముతాడు. పిల్లి "దొరికావురా చిటికెడూ!" అని దూకి బస్తాలో తలదాకా కూరుకుపోతుంది. ఈ తుమ్ము కోసం నేను బాత్రూములో చాలా సాధన చేశాను. (బయట నుంచి "బాత్రూంలో ఎవుర్తోనే మాటాడతన్నావు?" అని తలుపు కొట్టేది ఆవిడే.) ఉడుత తుమ్ము మనిషి తుమ్ములా ఉండకూడదు, చిన్నదిగా, ముక్కు కొసన పగిలినట్టు ఉండాలి. అలా తుమ్మాను. ఎదురుగా మామ్మగారు గోళ్ళు చాచినట్టు చేతులు చాచి, ఊపిరి బిగబట్టి, "సిరంజీవ!" అంది.

వన్స్‌మోర్ ఆంటీ అవతల నుంచి బొటనవేలు ఎత్తి చూపించింది. పెదవులు సరిపోయాయట. నేను చెయ్యి అడ్డం పెట్టి, ఆగమని, నా ఇంగ్లీషులో వివరించాను: పిల్లి ఇప్పుడు ఉడుతని దీర్ఘాయుష్మంతుడివి కమ్మని దీవించింది. "క్యాట్? బ్లెస్? వై?" అంది ఆవిడ. ఉడుత తుమ్మింది కనుక అన్నాను. ఆవిడ తన కాగితం వంక చూసుకుని, మళ్ళీ నా వంక చూసింది. మామ్మగారేమో తను అలా అననే లేదంది. రికార్డు చేసింది వినిపిస్తే నోరు నొక్కుకుంది. "ఓలమ్మో, అన్నాను! నోటికలవాటే అది. పిల్ల తుమ్మితే అనమేటి మరి?"

"పిల్ల కాదండీ, ఉడుత."

"ఉడత మటుకు పిల్ల కాదేటి? దానికి తల్లి నేదేటి?"

మళ్ళీ చేశాం. మళ్ళీ సిరంజీవ. మళ్ళీ చేశాం. ఈసారి నాలుక కరుచుకుని ఆపుకుంది కానీ, దూకాల్సిన పిల్లి దూకకుండా నిలబడిపోయింది. "ఒంటి తుమ్ము తుమ్మితే ఆగాల గదే. ఇంకోటి తుమ్ము, అప్పుడు దూకుతాను" అంది. వన్స్‌మోర్ ఆంటీ ఉపాయం చెప్పింది: తుమ్ము మామ్మగారి హెడ్‌ఫోన్లలో వినబడకుండా చేద్దాం. చేశాం. తెర మీద బొమ్మ ముక్కు ముడిచి ఎగిరిపడడం చూసి, వినబడని తుమ్ముకి కూడా దీవెన ఇచ్చేసింది. కళ్ళు మూసుకోమంటే ఎప్పుడు దూకాలో తెలియక, దూకడం అయిపోయాక అరిచింది. నాకు ఏడుపొచ్చేసింది. తలుపు బయట థాయి భాష వాళ్ళు వాళ్ళ వంతు కోసం నిలబడి గాజు అద్దంలోంచి తొంగి చూస్తున్నారు. ఈ పూట దాటితే మాకు స్టూడియో లేదు, రేపటికి ఛానెల్ వాళ్ళకి పంపాలి.

చివరికి ఒకటి అనుకున్నాం. ఆవిడ తెర చూడకూడదు, నన్నే చూడాలి. నేను తుమ్మను, నా తుమ్ము విడిగా రికార్డు చేసి కలుపుతారు. నేను చెయ్యి దించగానే ఆవిడ అరవాలి. దించాను. "దొరికావురా చిటికెడూ!" అని ఆవిడ అరిచిన అరుపుకి నిజంగా నా వెన్ను జలదరించింది. అంత గొప్పగా ఎప్పుడూ రాలేదు. సరిగ్గా ఆ క్షణాన, పొద్దుట్నుంచీ ఫ్రిజ్జులాంటి ఆ ఏసీ గదిలో దొంగతుమ్ములు తుమ్మీ తుమ్మీ ఉన్న నా ముక్కు తిరగబడింది. అసలు తుమ్ము వచ్చేసింది. చిన్నదీ కాదు, ఉడుతదీ కాదు. మామ్మగారు ఇంకా పిల్లి గొంతులోంచి దిగలేదు. ఆ గొంతుతోనే, అదే ఊపులో, "సిరంజీవ తల్లీ! నూరేళ్ళు బతుకు!" అంది.

నేను నేల మీద కూలబడ్డాను. తెర మీద ఆ సమయానికి పిల్లి తల బస్తాలో ఉంది, నోరు కనబడదు. వన్స్‌మోర్ ఆంటీ తలుపు తెరిచి, "మౌత్ కెనాట్ సీ. ఓకే లా. టైమ్ నో మోర్" అంది. ఆ ముక్క తీసేయమని బతిమాలాను. తీస్తే అరుపు చివర తెగిపోతోందట, తుమ్మూ దీవెనా అరుపు మీదికెక్కి కూర్చున్నాయట. థాయి వాళ్ళు లోపలికి వచ్చేశారు. అది అలాగే వెళ్ళిపోయింది.

తర్వాత వారం నేను మనిషిని కాను. ఛానెల్లో తెలుగు చూసే ఒకాయన ఉన్నారు, ఏది నచ్చకపోయినా నిర్దాక్షిణ్యంగా కోసేస్తారని పేరు, మేం కత్తెరగారు అనేవాళ్ళం. పంటి కింద రాయి తగిలినా సహించరట, ఇక దీవించే పిల్లిని సహిస్తారా? అన్నం సయించలేదు. మామ్మగారు మాత్రం "ఆశీర్వదిస్తే తప్పన్నోడెవుడే?" అని నిశ్చింతగా మురుకులు వేయించుకుంది. పిల్లికి చెలగాటం, ఎలుకకి ప్రాణసంకటం. రాఫెల్స్ ప్లేసులో వాళ్ళ ఆఫీసుకి రమ్మని, ఆ పెద్దావిడని కూడా తీసుకురమ్మని కబురొచ్చింది. అయిపోయింది, మనిషిని చూసి మరీ తిడతారు అనుకున్నాను. మామ్మగారు సన్మానమనుకుని పట్టుచీర కట్టి, మల్లెపూలు పెట్టుకుని, మురుకుల డబ్బా పట్టుకుని రైలెక్కింది. వన్స్‌మోర్ ఆంటీ అక్కడే కలిసింది, ఆవిడ మొహం కూడా నా మొహంలాగే ఉంది.

కత్తెరగారు చిన్న గదిలో మమ్మల్ని కూర్చోబెట్టి ఆ ఘట్టం పెట్టారు. దొరికావురా, హాఛ్, సిరంజీవ తల్లీ, నూరేళ్ళు బతుకు. వెనక్కి తిప్పి మళ్ళీ పెట్టారు. అప్పుడు చూశాను, ఆయన భుజాలు ఊగుతున్నాయి. "ఇన్నేళ్ళ సర్వీసులో తినబోయే ముందు దీవించే విలన్ని చూళ్ళేదండీ! మా ఆఫీసులో తెలుగు రానివాళ్ళు కూడా అడిగి అడిగి చూస్తున్నారు. ఈ ఐడియా ఎవరిదండీ, మీరు రాశారా?" అని నన్నడిగారు. నేను నోరు తెరిచేలోగా మామ్మగారు అందుకుంది. "రాసేదేటి బాబూ? బొట్టెట్టకుండా మేకని నరుకుతారేటి ఎక్కడన్నా? మా తాత సెప్పేవోడు, కోసీ ముందు దణ్ణమెట్టాల అని. మురుకు తీస్కో." కత్తెరగారు మురుకు తీసుకుని, "సూపర్! సిరీస్ మొత్తం ఈవిడే. డిసైడెడ్" అన్నారు. వన్స్‌మోర్ ఆంటీ నా చెయ్యి గట్టిగా నొక్కింది. నా ప్రాణం లేచొచ్చింది.

అంతలోనే ఆయన గొంతు మెత్తబడింది. "మేడమ్, మీరు డోంట్ మైండ్. ఉడుతకి చెన్నైలో ఒక అమ్మాయి ఉంది, వాయిస్ చాలా ఫ్రెష్‌గా ఉంటుంది. ఉడుత ట్రాక్ అక్కడ చేయించి పంపేస్తాం. పెద్దావిడ ఇక్కడ హెడ్‌ఫోన్లో అది వింటూ చెప్పేస్తారు. ఉడుత అంటే... ఉడుత ఎవరైనా చేయొచ్చు కదండీ?"

సంతలో జనానికీ, వరదలో జనానికీ, కోడిపిల్లకీ, ఉడుతకీ గొంతు ఇచ్చినదాన్ని, నా కోసం ఒక్క మాట చెప్పాల్సి వచ్చేసరికి గొంతు పెగలలేదు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి, మురుకుల డబ్బా వైపు చూస్తూ కూర్చున్నాను.

"ఏటంటన్నాడీ బాబు?" అంది మామ్మగారు. ఆయన మళ్ళీ చెప్పారు, ఈసారి ఇంగ్లీషు తగ్గించి. ఆవిడ శ్రద్ధగా విని, "అయితే నానెవుల్ని తిట్టాల?" అంది.

"చెన్నై అమ్మాయి గొంతు మీ చెవిలో వినబడుతుంది కదండీ."

"సెవిలో ఉన్నదాన్ని తిడితే నాకేటొస్తాది? మొకం కనపడాల. దీని మొకం!" అని నా వైపు వేలు చూపించింది. "సూడు బాబూ, ఈ గుంట గ్యాసు ఆర్పదు. బట్టలు పిండదు. బియ్యం డబ్బాకి మూతెట్టదు. మూడంకేసి తొంగోమంటే ఆరంకేసి తొంగుంటాది. దీన్ని సూత్తేనే నాకు ఒళ్ళు మండిపోద్ది. ఆ మంటతోటే నాను ఆ పిల్లినవుతాను. సెన్నపట్నం పిల్లనేటి తిట్టను నాను, అదెవుర్తో, దాని తల్లి దాన్ని ఎంత అపురూపంగా పెంచిందో! ఇది నేకపోతే నాకు కోపం రాదు, నాను రాను." అని మురుకుల డబ్బా మూత పెట్టేసింది.

"యా, ట్రూ," అంది వన్స్‌మోర్ ఆంటీ, ఏం జరుగుతోందో చేతుల తీరు చూసే గ్రహించి. "షీ కెనాట్ స్కోల్డ్ స్క్రీన్ లా. మస్ట్ హేవ్ దిస్ ఫేస్." కత్తెరగారు నా మొహాన్ని చాలాసేపు పరీక్షగా చూశారు, కొత్తగా కొన్న మైకుని చూసినట్టు. "ఓకే," అన్నారు చివరికి. "అయితే మేడమ్ ఫేస్ కావాలి. ఎలాగూ ఎదురుగా నిలబడతారు కనుక ఉడుత కూడా మేడమే చెప్పేస్తారు." గొంతుతో బతికేదాన్ని, నా వృత్తిలో నా మొహానికి పని దొరకడం అదే మొదలు, అదే ఆఖరు.

తిరుగు రైల్లో మామ్మగారి పక్కన కూర్చుని, ఆనందం పట్టలేక ఆవిడ చెయ్యి పట్టుకున్నాను. "నా ఉద్యోగం పోకుండా భలే చెప్పారు మామ్మగారూ! నా కోసం అంత కథ అల్లారు." ఆవిడ చెయ్యి విడిపించుకుని మల్లెపూలు సర్దుకుంది. "నీ కోసమేటే? కతేటి అల్లడం? ఉన్నది సెప్పాను. పొద్దున్న గ్యాసు ఆర్పినావా?" అంది. నేను ఆలోచనలో పడ్డాను. "సూసినావా!" అంది.

ఆ పిల్లీ ఉడుతా చాలా కాలం నడిచాయి. ఆ తర్వాత వేరే బొమ్మలు, వేరే జంతువులు. మాకు సొంత ఫ్లాటు వచ్చినప్పుడు అదే వీధిలో కొనుక్కున్నాం, మామ్మగారు పొద్దున్నే వచ్చి వంటిల్లు తనిఖీ చేసి, కావలసినంత కోపం తెచ్చుకుని, నాతో స్టూడియోకి వచ్చేది. ఓపిక ఉన్నన్నాళ్ళూ వచ్చింది. పోయి కొన్నేళ్ళయింది. అప్పటికి నా ఉడుత గొంతు కూడా ముదిరిపోయింది, ఇప్పుడు నాకు వచ్చేవన్నీ మంత్రగత్తెలు, ముసలి తాబేళ్ళు, గయ్యాళి గేదెలు. ఎదురుగా ఎవరూ నిలబడరు. డైరెక్టరు కూడా ఎక్కడో ఇంకో దేశంలో కూర్చుని తెర మీద కనబడతాడు. ఆవిడ నిజంగా నా కోసం ఆ మాట అన్నదా, లేక ఉన్న మాటే అన్నదా అని ఇన్నేళ్ళూ అప్పుడప్పుడూ అనుకుంటూనే ఉన్నాను. నా కోసమే అని నమ్మడం నాకు సుఖంగా ఉండేది.

మొన్న ఒక గయ్యాళి గేదెకి మాట్లాడుతున్నాను. ఆ కుర్ర డైరెక్టరు "మేడమ్, కోపం సరిపోలేదు, ఇంకొంచెం" అన్నాడు. ఎంత చేసినా నా కోపం మర్యాదగానే వస్తోంది. మామ్మగారిని తలుచుకుని చూశాను, కోపం రాకపోగా కళ్ళు చెమర్చాయి. కళ్ళు మూసుకున్నాను. అప్పుడు ఆవిడ బదులు, ఆవిడకి ఎదురుగా మైకు అవతల నిలబడ్డ మనిషి కనబడింది. పిండని చీర కుచ్చిళ్ళు, ఎక్కడో పొయ్యి మీద మరుగుతున్న చారు, తన తుమ్ము తనకే ఎంతో గొప్పగా అనిపించి మెరిసే మొహం, ఈ పిల్లి ఇంత బాగా అరవడం అంతా తన నటన వల్లేనన్న ఆ నమ్మకం. ఒళ్ళు మండిపోయింది. నోరు తెరిచాను, గేదె రంకె వేసింది, అవతల కుర్రాడు హెడ్‌ఫోన్లు తీసి చెవులు పట్టుకున్నాడు. మామ్మగారు ఉన్న మాటే చెప్పింది.